ఫిలిప్పీన్స్ స్వతంత్ర చలనచిత్రములో సాహసము: ‘మాక్సిమో ఒలివెరోస్’ పరిశీలన

స్వలింగ ప్రేమను గూర్చిన చిత్రమనగానే కొందరు చూడకుండానే ఖండించెదరు, మరికొందరు చూడకుండానే మెచ్చుకొనెదరు. ఈ రెండును విమర్శ కానేరవు. గనుక ఔరెయస్ సొలీతో దర్శకత్వములో 2005లో వచ్చిన ‘ఆంగ్ పగ్దదలాగ ని మాక్సిమో ఒలివెరోస్’ అను ఒక్క చిత్రమునే మేము ఇచ్చట పరిశీలించుచున్నాము.

ఫిలిప్పీన్స్ సినిమాకు ఈ అంశము క్రొత్తది కాదు. లినో బ్రోకా 1971లోనే ‘తుబోగ్ స గింతో’లో దీనిని స్పృశించెను. ఇష్మాయేల్ బెర్నాల్ తీసిన ‘మనీలా బై నైట్’ (1980) మార్కోస్ ప్రభుత్వపు సెన్సారు కోతలకు గురియై, పేరులోని ‘మనీలా’ను సైతము పోగొట్టుకొనెను. ఆనాటి సాహసము ప్రభుత్వమునకు ఎదురు నిలుచుట. 2005లో ఆరంభమైన సినిమలాయా ఉత్సవము ఎంపికైన చిత్రములకు ఐదు లక్షల పెసోల చొప్పున ఇచ్చెను. డిజిటల్ కెమెరా ఖర్చును తగ్గించెను. అప్పుడు కథలోనే సాహసించుటకు వీలు కలిగెను.

ఆ సాహసము పేరులోనే కనబడుచున్నది. ‘పగ్దదలాగ’ అనగా ఆడపిల్ల ఈడేరుట. మన భాషలో వలెనే అక్కడను అది ఆడపిల్లకే చెల్లు మాట. దానిని మగపిల్లవాని పేరుతో జతపరచిరి. పండ్రెండేండ్ల మాక్సి తల్లి లేనివాడు, మనీలా మురికివాడలో తండ్రికిని అన్నలకును వండిపెట్టుచు, బట్టలు కుట్టుచు ఉండును. వారు చిల్లర దొంగలు. అయినను వాని నడకను, అలంకారమును వారెవరును ఎగతాళి చేయరు. వానిని మార్చవలెనని ఎవరికిని తోచదు. వాని స్వభావమును సమస్యగా చూపకపోవుటయే ఈ చిత్రము చేసిన పెద్ద సాహసమని మా అభిప్రాయము.

అసలు సంఘర్షణ వేరొకచోట ఉన్నది. మాక్సి విక్టర్ అను యువ పోలీసుపై మనసు పడును. ఒక అన్న హత్య చేయగా, ఇంటివారా, విక్టరా అను ప్రశ్న బాలుని చీల్చును. వానిని ప్రేమించు ఇల్లే రక్తాపరాధమును కప్పిపుచ్చుచున్నది. నీతిమంతుడని తోచిన పోలీసుల పక్షమే తుదకు తండ్రి ప్రాణము తీయును. ఏ పక్షమును నిర్దోషముగా చూపకుండుట స్క్రిప్టు రచయిత్రి మిచికో యమమొటో నిజాయితీ.

అయితే ఒక అభ్యంతరమును దాచము. విక్టర్ హద్దు మీరడు. కాని కెమెరా బాలుని ఆరాధనలో ఎంతగా లీనమగుననగా, పెద్దవాని బాధ్యత కొన్నిచోట్ల మరుగున పడును. పసివాని మోహమును మధురముగా చూపుట తేలిక, దాని ప్రమాదమును తూచుట కష్టము. ఇచ్చట చిత్రము పూర్తిగా తూచలేదు.

ముగింపులో బడికి వెళ్లుచున్న మాక్సి, దారిలో వేచియున్న విక్టర్‌ను దాటి పోవును. ఉపన్యాసము లేదు, శిక్ష లేదు.

ఈ చిత్రమును చూచు కాపరి దాని సిద్ధాంతముతో ఏకీభవించనక్కరలేదు. కాని ఒక ప్రశ్నను తప్పించుకొనజాలడు: దొంగల ఇంటిలో సిగ్గుపడనవసరము లేని ఆ బిడ్డ మన మందిరమునకు వచ్చినయెడల ఎక్కడ కూర్చుండును?