పదిహేడేళ్లు ఆగి వచ్చిన సవరణ

జీవో మీద హైకోర్టులో రిట్ వేయడానికి 226వ అధికరణ గడువేమీ పెట్టలేదు. అలాగని తీరిగ్గా వెళ్తే కుదరదు. జడ్జి మొదట అడిగేది "ఇన్నాళ్లూ ఏం చేస్తున్నారు?" అనే. ఈలోగా భూమి చేతులు మారి ఉంటుంది, దాని మీద భవనం లేచి ఉంటుంది. సివిల్ దావాకు చట్టం పెట్టిన గడువునే మామూలుగా రిట్‌కూ కొలతగా తీసుకోవచ్చని సుప్రీంకోర్టు 1964లో భాయీలాల్ భాయీ కేసులో చెప్పింది.

కాలానికి ఇంత విలువ ఎందుకో చూడాలంటే హైదరాబాద్ పక్కనున్న మణికొండ జాగీరు భూముల తీర్పు చదవాలి. 2022 ఫిబ్రవరి 7న సుప్రీంకోర్టులో జస్టిస్ హేమంత్ గుప్తా, జస్టిస్ వి. రామసుబ్రమణియన్ ఇచ్చిన తీర్పు. నూట యాభై పేజీలు దాటినా తీగ ఎక్కడా తెగదు. తమాషా ఏమిటంటే, ఇక్కడ ఆలస్యంగా వచ్చింది సవాలు కాదు, సవాలుకు గురైన ప్రకటనే.

1989 ఫిబ్రవరి 9 నాటి గెజిట్‌లో హజ్రత్ హుస్సేన్ షా వలీ దర్గా పేరిట చూపిన వక్ఫ్ స్థలం ఎకరానికి కాస్త ఎక్కువ. 2006 మార్చి 13న వక్ఫ్ బోర్డు దానికి 'సవరణ' అంటూ ఇంకో ప్రకటన వేసింది. అందులో ఉన్నది 1,654 ఎకరాల 32 గుంటలు! ఆ పదిహేడేళ్లలో ఈ ప్రాంతం రూపే మారిపోయింది. 1998 నవంబరులో సైబర్ టవర్స్, 2001 డిసెంబరులో ఐఎస్‌బి ప్రారంభమయ్యాయి. ఎమ్మార్, లాంకో హిల్స్‌లాంటి ప్రాజెక్టులకు ప్రభుత్వం భూములిచ్చేసింది. ఆ సవరణను సవాలు చేసిందీ ప్రభుత్వమే.

తీర్పులో పనితనమంతా ఒక ప్రశ్నను పట్టుకోవడంలో ఉంది. ఇది నిజంగా సవరణేనా? అచ్చుతప్పో, అంకెల పొరపాటో అయితే దిద్దుకోవచ్చు. ఇది మాత్రం పుస్తకం చివరి తప్పొప్పుల పట్టికలో కొత్త పుస్తకాన్నే అచ్చేసినట్టుంది. సర్వే, విచారణ లేకుండా వచ్చిన ఈ ప్రకటన 1989 నాటి దానిలో భాగం కాదనీ, వాస్తవానికి కొత్త ప్రకటనేననీ ధర్మాసనం తేల్చింది.

పైకి చిన్న తేడాలా కనిపిస్తుంది గానీ, నా దృష్టిలో కేసుకు ఆయువుపట్టు అదే. వక్ఫ్ జాబితాపై అభ్యంతరముంటే అది అచ్చైన ఏడాదిలోగా ట్రిబ్యునల్‌కు వెళ్లాలని 2025లో మార్చేదాకా చట్టం చెప్పేది. 2006 కాగితాన్ని 1989 గెజిట్‌లో భాగమని ఒప్పుకుంటే, గడువు ఏనాడో 1990లోనే ముగిసిందనే వాదనకు తలుపు తెరిచినట్టే. అంటే కాగితం పుట్టకముందే దాన్ని సవాలు చేసే హక్కు పోయిందన్నమాట! కొత్త ప్రకటన అనడంతో ఆ చిక్కు విడిపోయింది. ధర్మాసనం అక్కడితో ఆగకుండా 1949 నాటి జాగీర్ల రద్దు దాకా వెనక్కి వెళ్లి, భూమి అప్పుడే సర్కారుకు దఖలు పడిందని రికార్డులతో చూపింది. గెజిట్ మీదే ప్రభుత్వం గెలిచిన కేసుకు ఈ రెండో పునాది కూడా వేయడం నాకు బాగా నచ్చింది.

ఇక్కడ కాలం ప్రభుత్వానికి కలిసొచ్చింది. అన్నిసార్లూ అలా జరగదు. 427 రోజులు ఆలస్యంగా అప్పీలుకొచ్చిన తపాలా శాఖను 2012లో లివింగ్ మీడియా కేసులో సుప్రీంకోర్టు వెనక్కి పంపింది. ఫైలు బల్లలు మారుతూ తిరిగిందన్న సంజాయిషీ చెల్లదంది. భూసేకరణలో అవార్డు అయిపోయి, స్వాధీనం కూడా జరిగాక వచ్చే రైతుకైతే తరచూ వినపడేది "ఆలస్యమైంది" అన్న మాటే. వకీలు ఫీజు కూడబెట్టుకోవడానికే ఏడాది పట్టే మనిషికి ఆ మాట ఎంత బరువో తీర్పుల్లో అరుదుగా కనిపిస్తుంది.

మళ్లీ మణికొండ కేసుకొస్తే, సర్కారు వేసిన రిట్‌ను హైకోర్టు 2012 ఏప్రిల్ 3న కొట్టేసింది, ట్రిబ్యునల్‌లో తేల్చుకోమంది. సుప్రీంకోర్టు ఆ దారి పట్టలేదు. ప్రత్యామ్నాయం ఉన్నంత మాత్రాన రిట్‌కు తలుపు మూసుకుపోదంది. వివాదమంతా పాత ఉత్తర్వుల మీద, గెజిట్ల మీద, చట్టాల మీదే నడిచింది కనుక సాక్షుల్ని బోనెక్కించాల్సిన అవసరం రాలేదు. 2006 నాటి ప్రకటన చెల్లుతుందో లేదో మళ్లీ మొదటి మెట్టు నుంచి విచారించాల్సిన పనీ లేకపోయింది.