వీడియో గేములు - మళ్లీ చదివే హక్కు

వీడియో గేమును సాహిత్య విమర్శ పట్టించుకోవాలా అనే చర్చ ఈమధ్య మన సభల్లో తరచు వస్తున్నది. అది పిల్లల కాలక్షేపమనీ, వ్యాపార సంస్కృతి పోసే మత్తుమందనీ కొందరు మిత్రులు తేల్చేస్తున్నారు. కథ ఉంది, పాత్రలున్నాయి, సంభాషణ ఉంది గనక అదీ సాహిత్యమేనని మరికొందరు వాదిస్తున్నారు. ఈ రెండు పక్షాలూ ఒక ప్రశ్నని దాటేసి ముందుకు పోతున్నాయని నా అభిప్రాయం. విమర్శకుడు ఏ రచన మీదైనా నోరు విప్పాలంటే ముందు ఆ రచన అతని చేతిలో ఉండాలి. ఇవాళ చదివినదాన్ని రేపు మళ్లీ తెరవగలగాలి. అతను తెరిచిన పుటనే పాఠకుడూ తెరిచి 'కాదు, మీరు సరిగ్గా చదవలేదు' అనగలగాలి. ఆ వీలు లేనిచోట విమర్శ ఉండదు, అభిప్రాయం మాత్రమే ఉంటుంది. డబ్బిచ్చి కొన్న ఆట విషయంలో ఆ వీలు మనకెంత ఉందన్నదే నేను చర్చించదలచుకున్నది.

ఏలూరు, తాడేపల్లిగూడెం, కైకలూరు, ఆకివీడు ప్రాంతాల సాహిత్య విద్యార్థులు ఏడెనిమిదిమంది నెలకోసారి కూర్చునే అధ్యయన బృందం ఒకటుంది. నేనూ వెళుతుంటాను. మామూలుగా కథలో, నవలో చదువుతాం. ఈసారి ఒక ఆట చదువుదామని కుర్రవాళ్లు పట్టుబట్టారు. లూకస్ పోప్ ఒంటిచేత్తో తయారుచేసి 2013లో విడుదల చేసిన 'పేపర్స్, ప్లీజ్' ని ఎంచుకున్నాం.

ఆర్స్టోట్‌జ్కా అనే కల్పిత దేశం, 1982వ సంవత్సరం. ఆడేవాడు సరిహద్దు చెక్‌పోస్టులో గుమాస్తా. వచ్చినవాళ్ల పాస్‌పోర్టులు, అనుమతి పత్రాలు సరిచూసి ముద్ర వెయ్యటం అతని పని. ఎంతమందిని తనిఖీ చేస్తే అంత కూలి. పొరపాట్లకి మొదట హెచ్చరిక, ఆ తర్వాత జరిమానా. సాయంత్రానికి ఆ డబ్బులోంచే ఇంటద్దె, తిండి, చలికి వెచ్చదనం, మందులు. ఒక మొగుడు సక్రమమైన కాగితాలతో వస్తాడు, నా వెనకే నా భార్య వస్తోంది, దయచూడండి అంటాడు. ఆమె దగ్గర ప్రవేశ పత్రం ఉండదు. గుమాస్తా బతుకు మీద మనకి ఎన్నో మంచి కథలున్నాయి. వాటిలో పాఠకుడు గుమాస్తాని చూసి జాలిపడతాడు, లేదా కోపగించుకుంటాడు. ఇక్కడ పాఠకుడికి ఆ దూరం లేదు. ముద్ర అతని చేతిలోనే ఉంది, గడియారం నడుస్తోంది, వరుస పెరుగుతోంది. వ్యవస్థ మనిషిని ఎలా తనలాగా తయారుచేసుకుంటుందో వర్ణించి చెప్పటం వేరు, ఆ పని మన వేలితోనే చేయించటం వేరు.

ఈ రచనకి 20 ముగింపులున్నాయి. గడిచిపోయిన ఏ రోజుకైనా వెనక్కి వెళ్లి, అక్కణ్ణించి మరో దారిన నడవవచ్చు. ఆ భార్యని పంపించెయ్యటం మొదటిసారి నిస్సహాయత అనిపిస్తుంది, రెండోసారి అది మనం ఎంచుకున్నదని తెలుస్తుంది. అంటే మళ్లీ చదవటం ఇక్కడ ఓపికున్న పండితుడి పని కాదు, నిర్మాణంలోనే ఇమిడిన అంశం. ఒక్కసారి ఆడి పక్కన పెడితే ఇరవయ్యింటిలో ఒకటి చదివినట్టు.

ఇంత చెప్పుకున్నాక, ఎవరి దగ్గర ఉందని లెక్క తీశాం. గూడెం కుర్రవాడు ఏనాడో స్టీమ్‌లో కొన్నాడు. ఏలూరు అమ్మాయి గాగ్ అనే మరో దుకాణంలో కొన్నది. ఇంకొకరు 2022లో ఫోనులకి వచ్చిన ప్రతి తీసుకున్నారు. కైకలూరు మిత్రుడికి కొన్నట్టు బాగా గుర్తు, ఎక్కడ కొన్నాడో గుర్తులేదు. అతనికి కంప్యూటర్లో మూడు దుకాణాల ఖాతాలు, ఫోనులో రెండు జీమెయిళ్లు ఉన్నాయి. ఒక జీమెయిల్ మీద కొన్నది రెండోదాంట్లో కనిపించదు, ఒకదాన్నుంచి ఒకదానికి మార్చుకునే వీలూ లేదు. చివరికి మెయిల్లో 'రసీదు', 'ఆర్డర్' లాంటి మాటలు వేసి వెతికితే పాత చీటీ దొరికింది, దాన్నిబట్టి ఖాతా దొరికింది. ఆకివీడు మిత్రుడి సంగతి ఇంకా దారుణం. అతని పాత ఫోన్ నంబరు చాలాకాలం రీచార్జి లేక పోయింది. ఆ దుకాణం ఓటీపీని ఆ నంబరుకే పంపిస్తుంది. డబ్బు చెల్లించినట్టు బ్యాంకు పుస్తకంలో సాక్ష్యం ఉంది, ఆట తన పేరనే ఉంది, అతను మాత్రం బయట ఉన్నాడు. ఎన్ని ఉత్తరాలు రాసినా మీ నంబరుకి వచ్చిన అంకెలు చెప్పండనే జవాబు.

ఈ దుకాణాలనే ప్లాట్‌ఫారాలంటారు. మనకి ప్లాట్‌ఫారం అంటే గూడెం స్టేషన్లో బండి ఆగే చోటు. టిక్కెట్టు ఒకటే, బండి ఏ ప్లాట్‌ఫారం మీదికి వస్తే అక్కడికి నడుస్తాం. ఈ వ్యాపారంలో ప్లాట్‌ఫారానికొక టిక్కెట్టు, ఎక్కేది అదే బండి అయినా సరే.

అన్ని ఖాతాల ఆటల్నీ ఒక్కచోట వరసగా చూపించే పనిముట్లు లేకపోలేదు. ప్లేనైట్ అనే ఉచిత ప్రోగ్రాం ఉంది, గాగ్ వాళ్ల గెలాక్సీ ఉంది. మావాళ్లలో ఇద్దరు ప్లేనైట్ పెట్టుకుని ఒకే ఆటని రెండుచోట్ల కొన్నామని తెలుసుకుని తల పట్టుకున్నారు. ఉపయోగపడేవే, కాదనను. కానీ ఇవి చిట్టా రాసే గుమాస్తాలు, కొట్టు తాళంచెవి వీళ్ల దగ్గర ఉండదు. చిట్టాలో పేరు కనిపించటం, వస్తువు చేతికి రావటం ఒకటి కాదు.

ఎందుకు కాదంటే, మనం కొన్నామనుకుంటున్నది కొనుగోలు కాదు. అనుమతి మాత్రమే. చాలా దుకాణాల షరతుల కాగితంలో ఈ మాట మొదటినుంచీ ఉంది, చదివేవాళ్లే లేరు. దీన్ని కొనేముందే స్పష్టంగా చెప్పి తీరాలని కాలిఫోర్నియా రాష్ట్రం 2024లో చట్టం చేసింది, అది 2025 జనవరి 1 నుంచి అమలులోకి వచ్చింది. అంతకుముందే, 2024 అక్టోబరులో, స్టీమ్ తన బిల్లు చెల్లించే పేజీలో ఆ హెచ్చరిక పెట్టింది. అనుమతిని వెనక్కి తీసుకుంటే ఏమవుతుందో 'ది క్రూ' చూపించింది. యుబిసాఫ్ట్ సంస్థ 2014లో అమ్మిన కార్ల పందెం ఆట అది. ఒంటరిగా ఆడుకున్నా సంస్థ సర్వరుతో సంబంధం ఉండితీరాలి. 2024 మార్చి 31న ఆ సర్వర్లు మూసేశారు. ఆ వెంటనే కొన్నవాళ్ల ఖాతాల్లోంచి అనుమతుల్ని కూడా రద్దు చేశారు. దాని మీద రాస్ స్కాట్ అనే వ్యక్తి ప్రారంభించిన 'స్టాప్ కిల్లింగ్ గేమ్స్' ఉద్యమానికి 2025 జూలై నాటికి యూరోపులో పది లక్షలకి మించిన సంతకాలు వచ్చాయి. ఆటగాళ్ల అల్పమైన గొడవగా మన పత్రికలు దాన్ని పట్టించుకోలేదు.

కొల్లేటి లంకలవాళ్లకి ఈ తేడా వేరే చెప్పనక్కర్లేదు. చెరువు కాగితం ఒకరి పేర, లీజు ఇంకొకరిది, పెట్టుబడి ఎక్కడో ఉన్న మూడోవాడిది. 2006లో ఐదో కాంటూరు లోపలి చెరువుల గట్లు తెగ్గొట్టిన రోజుల్లో, తమ చేతిలో ఉన్నది ఏ రకం కాగితమో చాలామందికి తెలిసివచ్చింది. అక్కడ సరస్సు బతకాలన్న న్యాయమైనా ఒకటుంది. సర్వరు మూతకి ఖర్చు లెక్క తప్ప మరే న్యాయమూ లేదు.

మన ఊళ్లలో ఎక్కువమందికి ఆటంటే కంప్యూటరు కూడా కాదు, ఫోను. 2020 సెప్టెంబరు 2న కేంద్ర ప్రభుత్వం పబ్జీ మొబైల్‌తో సహా 118 యాప్‌లని నిషేధించింది. దాని బదులు 2021లో వచ్చిన బీజీఎంఐ 2022 జూలైలో దుకాణాల్లోంచి పోయి, 2023 మేలో తిరిగివచ్చింది. నిషేధం మంచిచెడ్డలు నా విషయం కాదు. పదిహేడేళ్ల కుర్రాడు కూడబెట్టిన పాకెట్ మనీతో కొనుక్కున్న తుపాకీ రంగులూ, చొక్కాలూ వాటితోపాటు ఎలా వచ్చి ఎలా పోయాయో ఆ కుర్రాణ్ణి ఎవరూ అడగలేదు. ప్రభుత్వాలే కాదు, యంత్రమూ ఆ పని చేస్తుంది. 2017లో ఆపిల్ తన ఐఓఎస్ 11తో పాత 32 బిట్ల యాప్‌లకి తలుపు మూసేసింది. తయారుచేసినవాళ్లు తిరగరాయని ఆటలు కొన్నవాళ్ల కొత్త ఫోనుల్లో తెరుచుకోవటం మానేశాయి.

సాహిత్య విద్యార్థులకి ఇంతకంటే దగ్గరి విషయం మరొకటుంది. పాఠభేదం. ఏ పాఠం ఏ ప్రతిలోదని చూడకుండా ప్రాచీన కావ్యం మీద మనం ఒక్క మాట రాయం. బ్రౌను వ్రాతప్రతులు సేకరించి, పండితుల చేత పోల్చి సరిచూయించగలిగాడంటే, పాత ప్రతులు ఎక్కడో ఒక అటకమీద మిగిలి ఉండబట్టే. ఆటల్లో కొత్త పాఠం వచ్చి పాత పాఠం మీద కూర్చుంటుంది. 'గ్రాండ్ థెఫ్ట్ ఆటో 4' లో రేడియో పాటలున్నాయి, ఆ నగరానికి అవి ప్రాణం. పదేళ్ల పాటల హక్కులు ముగిశాయని 2018 ఏప్రిల్లో సంస్థ ఒక సవరణ పంపించి చాలా పాటలు తీసేసింది. రష్యన్ వలసవాళ్ల స్టేషన్ దాదాపు మొత్తం మారిపోయింది. కొత్తగా కొనేవాళ్లకే కాదు, పదేళ్ల కిందట కొన్నవాళ్ల ప్రతుల్లో కూడా. మన ఇంటి బీరువాలో ఉన్న నవలలోంచి ప్రచురణకర్త రాత్రికి రాత్రి వచ్చి నాలుగు పుటలు చింపుకుపోతే ఊరుకుంటామా? 2008లో ఆ ఆట మీద రాసిన సమీక్షని ఇవాళ చదివే విద్యార్థి, సమీక్షకుడు ఏ పాటని గురించి మాట్లాడుతున్నాడో వినలేడు.

పుస్తకంతో పోల్చి చూడండి. అక్కినేని కుటుంబరావు గారి 'కొల్లేటి జాడలు' మా బృందంలో ఒకే ఒక ప్రతి ఉంది. అది కైకలూరు నుంచి గూడెం వెళ్లి, అక్కణ్ణించి ఏలూరు చేరింది. అంచుల్లో నలుగురి రాతలున్నాయి, ఒకరి రాతని ఇంకొకరు కొట్టేసిన చోట్లు కూడా ఉన్నాయి. ఏ సంస్థ అనుమతీ అడగలేదు. స్టీమ్ 2024లో ఒక కుటుంబంలో ఆరుగురి దాకా ఆటలు పంచుకునే ఏర్పాటు పెట్టింది. మంచిదే, అయితే అది ఒకే ఇంటివాళ్లకి. అధ్యయన బృందం అనే బంధుత్వం దాని లెక్కలో లేదు. 1935లో పాతూరి నాగభూషణం గారు కృష్ణా డెల్టా కాలువ మీద పడవలో గ్రంథాలయం నడిపించారు. పుస్తకం పాఠకుడి రేవుకి వచ్చింది. ఈ దుకాణాల ఏర్పాటులో పాఠకుడే ప్రతిసారీ పడవ దగ్గరికి వెళ్లి, తను తనేనని రుజువు చేసుకోవాలి.

మరి గ్రంథాలయాలు ఏం చేస్తున్నాయి అంటే, చట్టం వాటి చేతులు కట్టేసింది. ప్రచురణకర్తలు పుస్తకం ప్రతుల్ని కలకత్తా జాతీయ గ్రంథాలయానికీ, మరికొన్ని గ్రంథాలయాలకీ పంపించి తీరాలనే 1954 నాటి చట్టం ముద్రిత పుస్తకాలకి, పత్రికలకి సంబంధించినది. ఆటల ఊసు అందులో లేదు. కాపీరైటు చట్టానికి 2012లో తెచ్చిన సవరణ ప్రకారం, లాభాపేక్ష లేని ప్రజా గ్రంథాలయం తన దగ్గర ఉన్న రచనని భద్రపరచటానికి ఎలక్ట్రానిక్ ప్రతి చేసుకోవచ్చు. కాని ఒక షరతు. ఆ రచన డిజిటల్ కాని ప్రతి ముందే గ్రంథాలయంలో ఉండాలి. పుట్టుకతోనే డిజిటల్ అయిన రచనకి అలాంటి ప్రతి ఎక్కణ్ణించి వస్తుంది? అమెరికాలో ఒకప్పుడు విడుదలైన పాత ఆటల్లో 87 శాతం ఇప్పుడు మార్కెట్లో దొరకటం లేదని వీడియో గేమ్ హిస్టరీ ఫౌండేషన్ 2023లో లెక్కతేల్చింది. అంత సంపన్న దేశంలోనే ఆ పరిస్థితి.

'దొంగ ప్రతులు ఉన్నాయిగా' అని మావాళ్లలో ఒకడు అన్నాడు. ఆ మాటని తేలిగ్గా కొట్టిపారెయ్యలేం. ఇరవై ఏళ్ల కిందట ఇంటర్నెట్ సెంటర్లలో గంటకింత అని ఇచ్చి 'వైస్ సిటీ' ఆడిన తరం ఏలూరులో ఉంది. ఆ కాపీ సీడీలు కొన్ని ఇప్పటికీ బీరువాల్లో పనిచేస్తున్నాయి. డబ్బిచ్చి కొన్న 'ది క్రూ' పనిచెయ్యటం లేదు. నిజాయితీపరుడికి శిక్ష, దొంగకి గ్రంథాలయం! అయినా దొంగ ప్రతే దారి అనే సిద్ధాంతాన్ని నేను ఒప్పుకోను. పోప్ లాంటి ఒంటరి రచయితకి కూలి ఎగ్గొట్టి అతని గుమాస్తా కష్టాల మీద వ్యాసం రాయటం నాకు సిగ్గుగా ఉంటుంది. తాళం లేని ప్రతి అమ్మే దుకాణం ఉన్నప్పుడు అక్కడ కొనాలి. గాగ్‌లో కొన్నదాని ఇన్‌స్టాలర్ ఫైలుని మన హార్డ్ డిస్కులో దాచుకోవచ్చు, నెట్ లేకుండా ఎక్కించుకోవచ్చు. రేపు సవరణ వచ్చినా నిన్నటి ఫైలు మన దగ్గర ఉంటుంది. ఏలూరు అమ్మాయి ప్రతితోనే మా చర్చ జరిగింది. మిగిలిన ఇద్దరివి తెరుచుకున్నా, ఎన్నేళ్లు తెరుచుకుంటాయో మన చేతిలో లేదు.

విమర్శ రాసేవాళ్లని నేను కోరేది ఒకటే. ఆట మీద వ్యాసం రాస్తే, ఏ దుకాణపు ప్రతి, ఏ యంత్రం మీద, ఏ సవరణ అంకెతో, ఏ నెలలో ఆడారో వ్యాసంలోనే చెప్పండి. కావ్యానికి ప్రతి వివరం చెప్పటం మనకి అలవాటే. మా బృందం ఒక నోటుపుస్తకం పెట్టుకుంది. ఆట పేరు, ఏ ఖాతాలో ఉంది, ఆ ఖాతా ఏ నంబరుకి, ఏ మెయిల్‌కి కట్టి ఉంది, విడి ఫైలు ఉందా లేదా అన్నవి అందులో రాస్తున్నాం. పాస్‌వర్డులు రాయటం లేదు.

వచ్చే నెలకి 'దిస్ వార్ ఆఫ్ మైన్' అనుకున్నాం. ముట్టడిలో చిక్కిన నగరంలో సైనికులు కాని మామూలు మనుషుల కథ. పోలండ్ సంస్థ 2014లో తెచ్చింది. 2020లో అక్కడి ప్రభుత్వం దాన్ని ఉన్నత పాఠశాలల అదనపు పఠన జాబితాలో చేర్చి విద్యార్థులకి ఉచితంగా ఇచ్చింది. మా బృందంలో దానికి మూడు ప్రతులున్నట్టు చిట్టా చెబుతోంది. ఇప్పటికి రెండు తెరుచుకున్నాయి.