‘కడుపుకోత’ అన్న మాట గురించి

నంద్యాల, ఆళ్ళగడ్డ అనగానే మన పాఠకులకు ఫ్యాక్షన్ గుర్తొస్తుంది. 1999లో ‘సమరసింహారెడ్డి’ తర్వాత వరసగా వచ్చిన సినిమాలు ఆ ముద్రను గట్టిపరిచాయి. వాటిలో స్త్రీలకు ఎక్కువగా మిగిలినవి రెండే పనులు: శవం మీద పడి ఏడవడం, పగ తీర్చమని మగవాళ్ళను ఉసిగొల్పడం. జరిగింది తెలిసి, తెలిసింది చెప్పే మనిషిగా స్త్రీ అరుదుగా కనిపిస్తుంది. మా వైపు ఆడవాళ్ళు శోకాలు తీస్తూ పోయినవాళ్ళ బతుకంతా చెప్పుకుంటారు. అందులో ఎన్నో సంగతులుంటాయి. వినేవాళ్ళకు ఏడుపే వినిపిస్తుంది.

ఈ చెవుడు ఫ్యాక్షన్ సీమకే పరిమితమని చాలాకాలం అనుకున్నాను. షంషాద్ బేగం మాటలు గమనించాక ఆ అభిప్రాయం మార్చుకోవాల్సి వచ్చింది.

2007 డిసెంబర్ 27న విజయవాడ దగ్గర ఇబ్రహీంపట్నంలోని హాస్టల్లో ఫార్మసీ విద్యార్థిని ఆయేషా మీరా హత్యకు గురైంది. 2008లో పోలీసులు సత్యంబాబు అనే పేద దళిత యువకుణ్ణి అరెస్టు చేశారు. అతను దోషి కాదని ఆయేషా తల్లి షంషాద్ బేగం బహిరంగంగా అన్నది. అయినా 2010లో విజయవాడ మహిళా కోర్టు అతనికి శిక్ష వేసింది. 2017 మార్చి 31న హైకోర్టు అతన్ని నిర్దోషిగా విడుదల చేసింది. ఆమె ఎప్పుడో చెప్పిన చోటికి న్యాయవ్యవస్థ చేరేసరికి ఒక యువకుడి ఎనిమిదేళ్ళు జైల్లో గడిచిపోయాయి. 2018లో కేసు సీబీఐకి వెళ్ళింది. 2019 డిసెంబర్‌లో తెనాలిలో సమాధి తవ్వి మళ్ళీ పరీక్ష చేశారు. హంతకుడెవరో మాత్రం తేలలేదు.

ఈ కాలమంతా పత్రికలు ఆమెను ‘తల్లి ఆవేదన’, ‘కడుపుకోత’ అన్న శీర్షికల కింద పెట్టాయి. మనమూ సానుభూతితో అవే మాటలు వాడాం. కానీ ఆమె చెప్పింది ఒక వాదన. చేతికి దొరికిన దోషిని అంగీకరిస్తే లోకం ఆమెను ఓదార్చి ఊరుకునేది. ఒక ముస్లిం స్త్రీ తన బిడ్డ చావుకు మరో అణగారిన కుటుంబపు బిడ్డ బలికాకూడదని నిలబడింది. దీన్ని మాతృప్రేమ అని సరిపెట్టడమంటే ఆమె ఆలోచననూ, రాజకీయాన్నీ చెరిపేయడమే.

2017లో కర్నూలు స్కూలు హాస్టల్లో చనిపోయిన గిరిజన బాలిక తల్లినీ ఇలాగే చదివాం. నంద్యాల, ఆళ్ళగడ్డ అప్పుడు ఆ జిల్లాలోనివే. వికలాంగురాలైన ఆ స్త్రీ ఏళ్ళ తరబడి రోడ్డెక్కి అడిగింది దర్యాప్తు గురించి. మనం రాసింది ఆమె కన్నీళ్ళ గురించి.

స్త్రీల ఆత్మకథల్లో అనుభవాన్ని జ్ఞానంగా గుర్తించాలని స్త్రీవాద విమర్శ ఎంతో పోరాడింది. పుస్తకం రాయని స్త్రీ మైకు ముందు మాట్లాడితే మాత్రం ఆ సూత్రం మర్చిపోతున్నాం. నా రాతల్లో ‘కడుపుకోత’ అన్న మాట ఎక్కడుందో వెతికాను. మూడు చోట్ల దొరికింది. మూడు చోట్లా ఆమె ఏమన్నదో రాయలేదు.