ఫ్రేములో పట్టని హార్బర్

విశాఖలో సినిమాలు, సీరియళ్ళు, వెబ్ సిరీస్‌లు తీసిన చోట్లన్నిటినీ ఒక బస్సు వేసి, గైడును పెట్టి చూపిస్తే బాగుంటుందన్న మాట ఈ వారం మళ్ళీ వినిపించింది. భీమిలి, రుషికొండ, కైలాసగిరి, ఆర్కే బీచ్, పాతనగరం, ఆఖరున ఫిషింగ్ హార్బర్. వినగానే సంతోషం కలిగింది. ఏ ఊరి అందాన్ని తెరకు ఎక్కించినా ఆ ఊరి పేరు చెప్పి తీరాలన్న నా పట్టుదల ఈ కాలమ్ చదివేవారికి కొత్త కాదు. అయితే జాబితాలో ఆఖరి పేరు దగ్గర ఆలోచన ఆగిపోయింది. మిగతావన్నీ జనం షికారుకు వెళ్ళే చోట్లు. హార్బర్ ఒక్కటే వేలమంది కూలికీ, వాటాకూ, వేలంపాటకూ వెళ్ళే చోటు. పని జరిగే చోటును షూటింగ్ స్పాట్ అని చూపించవచ్చా, చూపిస్తే ఎవరు చూపించాలి అన్నదే ఇక్కడ తేల్చుకోవలసిన సంగతి.

ముందు టూర్ ఎందుకు కావాలో చెబుతాను. 1978లో కె.బాలచందర్ ‘మరోచరిత్ర’ తీసినప్పుడు విశాఖ విశాఖగానే తెరమీదకు వచ్చింది. మూడేళ్ళకు అదే దర్శకుడు అదే కథను హిందీలో ‘ఏక్ దూజే కే లియే’గా తీశారు. అందులో కథ గోవాకు మారింది. కొన్ని దృశ్యాలకు మన తీరమే గోవాగా నిలబడింది. ఇవాళ గోవాలో డోనా పౌలా జెట్టీకి వెళ్ళిన యాత్రికులకు ఆ సినిమా పేరు తప్పకుండా చెబుతారు. ఆ పేరు ఆ జెట్టీకి వ్యాపారం తెచ్చింది. అదే సినిమాకు ఇసుకను, అలలను అరువిచ్చిన ఊళ్ళో మాత్రం ఆ సంగతి పెద్దవాళ్ళ కబుర్లలో మిగిలింది. దేశమంతా చూసిన దృశ్యంలో తమ ఊరు ఉందని ఇక్కడి పిల్లలకు తెలియకపోవడం చిన్న నష్టం కాదు. ఊరి మీద అభిమానం పాఠ్యపుస్తకాలతోనే రాదు. తెలిసిన కథ తెలిసిన వీధిలో జరిగిందని తెలిసినప్పుడు కూడా వస్తుంది. గైడు చేసే మొదటి మేలు ఇదే, ఊరికి రావలసిన పేరును ఊరికి ఇప్పించడం.

కెమెరా పెట్టిన చోటు చూసి ఏం ప్రయోజనమని, ఇది పొద్దుపోని పని అని అనేవారున్నారు. కథ జరిగిన చోటును కళ్ళారా చూడాలన్న కోరిక సినిమాతో పుట్టింది కాదని వారికి నా జవాబు. భద్రాచలం దగ్గర పర్ణశాలకు వెళ్తే సీతమ్మ నారచీర ఆరేసిన రాయి ఇదీ అని చూపించేవారుంటారు. భీముడు బకాసురుణ్ణి చంపింది ఇక్కడేనని భీమిలిలో చెప్పుకుంటారు. మన స్థలపురాణాలన్నీ చేసిన పని ఒకటే. విన్న కథను కాలికింది నేలతో ముడిపెట్టి, ఆ నేలను జాగ్రత్తగా చూసుకోవలసిన బాధ్యతను వినేవారికి అప్పగించడం. సినిమా కథ పురాణమంత గొప్పదని నేననను. ఆ కోరిక మాత్రం పాతది, గౌరవించదగినది. మంచి కథకుడు దొరికితే ఆ కోరిక యాత్రికుణ్ణి కథను దాటించి ఊరి దాకా తీసుకువెళ్తుంది. దొరకకపోతే సెల్ఫీ దగ్గరే ఆగిపోతుంది.

ఇక టీవీ సంగతి. మన డైలీ సీరియళ్ళ మీద ఈ కాలమ్‌కు పాత ఫిర్యాదు ఒకటుంది. వాటికి ఊరు లేదు. పాత్రలు ఏ ఊరి పేరు చెప్పినా కథ నడిచేది హైదరాబాద్‌లో అద్దెకు తీసుకున్న ఏదో బంగళా హాల్లో, మెట్ల మీద, పూజగదిలో. రోజూ ఒక ఎపిసోడ్ అందించాలంటే బయటి వెలుతురు కోసం, జనం సర్దుకోవడం కోసం ఆగే వీలుండదని తెలుసు. ఆ ఇబ్బంది నిజమే. కానీ దాని ఫలితం ఏమిటంటే, ఏళ్ళ తరబడి కోట్లమంది చూసిన సీరియల్ కూడా చూసి రావడానికి ఒక వీధిని మిగల్చలేదు. దూరదర్శన్ కోసం శంకర్ నాగ్ తీసిన ‘మాల్గుడి డేస్’ను తలచుకోండి. దాన్ని కర్ణాటకలోని అగుంబెలో తీశారు. 1980లలో వచ్చిన ఆ సీరియల్ కోసం ఇప్పటికీ జనం అక్కడి పాత ఇంటిని వెతుక్కుంటూ వెళ్తారు. మాల్గుడి స్టేషన్‌గా కనిపించిన అరసాళు రైల్వే స్టేషన్‌లో మ్యూజియం పెట్టారు. ఊరిని నమ్మిన సీరియల్‌ను ఊరు మరిచిపోలేదు. ఇప్పుడు వెబ్ సిరీస్‌ల పుణ్యమా అని మన కథలు మళ్ళీ గడప దాటుతున్నాయి. 2023లో వచ్చిన ‘దయా’లో కథానాయకుడు కాకినాడలో చేపలు తరలించే ఫ్రీజర్ వ్యాన్ డ్రైవరు. 2025లో వచ్చిన ‘అరేబియా కడలి’ వేటకు వెళ్ళి పరాయి దేశపు జైల్లో చిక్కుకున్న మత్స్యకారుల కథ. తెలుగు ధారావాహిక హాలు మెట్లు దిగి హార్బర్ వైపు నడిచిందంటే నాకది శుభవార్తే.

అయినా హార్బర్‌ను టూర్‌లో చేర్చవద్దనడానికి గట్టి కారణాలున్నాయి. తెల్లవారకముందే జెట్టీల మీద వేలం మొదలవుతుంది. వంజరం, చందువా, కోనాం, కానాగంతలు, సూర, రొయ్యలు గుట్టలుగా దిగుతాయి. రాత్రంతా నిద్ర లేకుండా ఒడ్డుకొచ్చిన కలాసీలు సరుకు దించుతుంటారు. తట్టలు పట్టుకున్న ఆడవాళ్ళు ధర తెగ్గొట్టి, వాడిపోకముందే ఊళ్ళోకి చేరాలని పరుగెడతారు. అక్కడ ఒక్క నిమిషం ఆలస్యమైనా ఎవరో ఒకరికి డబ్బు నష్టం. ఆ గుంపులోకి ఫోన్లు పైకెత్తుకుని నలభైమంది దిగితే ఏం జరుగుతుందో ఊహించనక్కరలేదు. లోకంలో అనుభవాలున్నాయి. ‘బ్రేకింగ్ బ్యాడ్’ సీరియల్లో చూపించిన ఇంటి యజమానులు అమెరికాలోని ఆల్బకర్కీలో అభిమానుల తాకిడి తట్టుకోలేక 2017లో కంచె కట్టించుకున్నారు. వచ్చినవాళ్ళు సీరియల్లో చూసినట్టే పైకప్పు మీదకు పిజ్జాలు విసిరేవారు. ‘గేమ్ ఆఫ్ థ్రోన్స్’ తీసిన క్రొయేషియా నగరం డుబ్రోవ్నిక్ జనం ఒత్తిడి ఆపలేక, రోజుకు రెండు విహార నౌకలకు మించి రావద్దని 2019లో కట్టడి పెట్టుకుంది. కంచె కట్టుకునే స్తోమత ఇంటి యజమానికి ఉంటుంది, కట్టడి పెట్టే అధికారం నగరానికి ఉంటుంది. తట్ట పట్టుకున్న మనిషికి రెండూ లేవు. సినిమాలో ఒకసారి వెనక నిలబడిన జనంగా మారినవాళ్ళను టూర్ పేరుతో మళ్ళీ అలాగే నిలబెట్టడం అన్యాయం. ఇంతవరకు వచ్చాక హార్బర్‌ను జాబితా నుంచి కొట్టెయ్యండి అనడమే న్యాయంగా తోస్తుంది.

కానీ కొట్టేస్తే ఏం మిగులుతుందో చూడాలి. బీచ్‌లు, కొండలు, వ్యూ పాయింట్లు మిగులుతాయి. అవి తెరమీద ఎలా ఉన్నాయో బయటా ఇంచుమించు అలాగే ఉంటాయి. వాటి దగ్గర గైడు చెప్పేది ఒక బోర్డు కూడా చెప్పగలదు. ఫ్రేములో కనిపించినదానికీ అసలు చోటుకూ మధ్య దూరం ఉన్నచోటే గైడు అవసరం. విశాఖలో ఆ దూరం ఎక్కడికన్నా హార్బర్‌లోనే ఎక్కువ. ఒక్క ఉదాహరణ చాలు. హార్బర్‌లో తీసిన ఏ దృశ్యంలోనైనా కెమెరాకు ప్రీతిపాత్రమైనది ఒకటే, ఒకదాన్నొకటి ఆనుకుని వరుసగా కట్టిన రంగురంగుల బోట్లు, వెనక డాల్ఫిన్స్ నోస్ కొండ. బోట్లు అలా ఆనుకుని ఉండటానికి కారణం జాగా చాలకపోవడం. 2023 నవంబరు 19 రాత్రి అక్కడ మంటలు లేచినప్పుడు, డీజిలూ గ్యాస్ సిలిండర్లూ ఉన్న బోట్లు ఒకదానినుంచి ఒకటి అంటుకుని సుమారు 40 మరబోట్లు కాలిపోయాయి. తెరమీద అందమైన ఆ వరుసే ఆ రాత్రి నష్టాన్ని పెంచింది. ఈ మాట ఏ సినిమా చెప్పదు, ఏ బోర్డూ చెప్పదు. జెట్టీ మీద నిలబడి మనిషి మనిషికి చెప్పాలి. విన్నవాడు ఆ దృశ్యాన్ని మళ్ళీ తెరమీద చూసినప్పుడు బోట్ల రంగులతోపాటు ఇరుకునూ చూస్తాడు.

కథల విషయంలోనూ అంతే. 2018 నవంబరులో గుజరాత్ తీరం నుంచి వేటకు వెళ్ళిన ఉత్తరాంధ్ర మత్స్యకారులను పాకిస్తాన్ పట్టుకుంది. వాళ్ళు ఇల్లు చేరింది 2020 జనవరిలో. 2025లో వచ్చిన ‘తండేల్’ ఆ ఘటన మీద అల్లిన కథే. సినిమాకు ప్రేమ కావాలి, జైలు కావాలి, జెండా కావాలి. అవన్నీ అందులో ఉన్నాయి, జనం ఆదరించారు, తప్పులేదు. అయితే శ్రీకాకుళం తీరంలో పుట్టినవాడు వేటకు గుజరాత్ దాకా ఎందుకు వెళ్ళవలసి వచ్చింది? అంత పొడవైన తీరంలో మరబోటు కట్టుకునే హార్బర్ లేక. విశాఖ హార్బర్‌లో బోట్లెక్కే కలాసీల్లోనూ ఆ జిల్లా నుంచి వచ్చినవాళ్ళు ఎంతోమంది. పదిహేను ఇరవై రోజుల వేటకు టన్నుల కొద్దీ ఐసు, డీజిలు, బియ్యం ఎక్కించుకుని వెళ్ళేవాణ్ణి అడిగితే ఆ వలస లెక్క అతని నోటనే వినవచ్చు. సినిమా వదిలేసిన సగాన్ని చెప్పగలిగిన మనిషి అక్కడే ఉన్నప్పుడు, టూర్ అతణ్ణి దాటుకుని పోవడం కథకూ అన్యాయమే, అతనికీ అన్యాయమే.

అయితే ఎవరు చెప్పాలి? జవాబు మన ఊళ్ళోనే ఉంది. ఆర్కే బీచ్‌లో కుర్సురా జలాంతర్గామి 2002 నుంచి మ్యూజియంగా ఉంది. ‘ఘాజీ’ వచ్చాక దాన్ని చూడాలన్న ఆసక్తి మరింత పెరిగింది. ఆ సినిమాలో చూపించిన జలాంతర్గామి సెట్టు. కుర్సురా అసలుది, 1971 యుద్ధకాలంలో పనిచేసినది. లోపల దారి చూపేది నౌకాదళంలో పనిచేసి రిటైరైనవారు. అంత ఇరుకులో మనుషులు ఎలా పడుకున్నారో, ఎలా వండుకున్నారో వాళ్ళు చెబుతుంటే సినిమా పక్కకు తప్పుకుని జీవితం ముందుకు వస్తుంది. హార్బర్‌లోనూ అదే పద్ధతి ఉండాలి. వేట మానేసిన సరంగులు, తట్ట మోసి ఇల్లు నడిపిన ఆడవాళ్ళు, ఇంజన్ మెకానిక్కులు గైడ్లు కావాలి. వాళ్ళకు గౌరవమైన జీతం ఇవ్వాలి. ఏ సినిమా ఎక్కడ తీశారో నాలుగు వాక్యాల్లో నేర్పవచ్చు. సముద్రాన్ని నేర్పడం ఎవరి తరమూ కాదు.

ఎప్పుడు అన్నదానికి నా సూచన ఒకటే. ఏటా ఏప్రిల్ 15 నుంచి జూన్ 14 వరకు, 61 రోజులు తూర్పుతీరంలో మరబోట్లకు వేట నిషేధం. బోట్లన్నీ ఒడ్డునే ఉంటాయి. వలలు బాగుచేసుకోవడం, ఇంజన్లు విప్పడం, రంగులు వేయడం అప్పుడే జరుగుతాయి. బడి సెలవులూ అప్పుడే. ఈ కాలానికి 2025 నుంచి రాష్ట్ర ప్రభుత్వం ఒక్కో మత్స్యకార కుటుంబానికి 20,000 రూపాయలు ఇస్తోంది. రెండు నెలలు ఇల్లు గడవడానికి అది సరిపోదని ఆ వీధుల్లో ఎవరిని అడిగినా చెబుతారు. టూర్ నడపవలసింది ఈ రోజుల్లో. వేలం హడావుడి చూడలేమని బాధపడేవారుంటారు. వేలం తెరమీద చాలాసార్లు చూశాం, వల కట్టే చేతుల్ని ఎవరూ చూపించలేదు. పైగా అప్పుడు చెప్పేవారికి తీరిక ఉంటుంది, అడ్డం పడుతున్నామన్న బెరుకు చూసేవారికి ఉండదు. చిన్న బృందాలు, అడగనిదే ఫొటో తీయకపోవడం, టిక్కెట్టు డబ్బులో వాటా నేరుగా కలాసీల, చేపలమ్మే మహిళల సంఘాలకు వెళ్ళడం, ఇవి షరతులుగా రాసిపెట్టాలి. సుమారు 150 కోట్ల రూపాయలతో హార్బర్‌ను ఆధునికీకరించి, రోజుకు 150 టన్నులున్న సామర్థ్యాన్ని 300 టన్నులకు పెంచే పనికి 2022 నవంబరులో శంకుస్థాపన చేశారు. అంత డబ్బులో సందర్శకులు నడవడానికి ఒక దారి, నీడ, మంచినీళ్ళు పెద్ద ఖర్చు కావు.

కాబట్టి నా తీర్పు మొదట అనుకున్నదానికి ఎదురుగా వచ్చింది. జాబితాలో ఏదైనా తీసెయ్యాలంటే వ్యూ పాయింట్లు తీసెయ్యండి, హార్బర్‌ను ఉంచండి. ఆఖరి మజిలీగా వద్దు, అరగంట ఫొటోల ఆటగా అసలే వద్దు. బస్సు అక్కడే బయల్దేరాలి, సగం సమయం అక్కడే గడవాలి, మైకు అక్కడివాళ్ళ చేతిలో ఉండాలి. ఆ షరతులు ఒప్పుకోలేకపోతే టూర్ ఆలోచననే మానుకోండి. ఒప్పుకుంటే మాత్రం వచ్చే ఏప్రిల్‌లోపే మొదలుపెట్టమని పర్యాటక, మత్స్య శాఖలనూ, పోర్టునూ కోరుతున్నాను. ఈ కాలమ్ చదివే విశాఖవాసులు మొదటి టిక్కెట్లు కొనాలనీ, పిల్లల్ని వెంట తీసుకువెళ్ళాలనీ నా మనవి.