కథలో కంపెనీ, కథ వెలుపల ప్రభుత్వం

ఉద్దానం తీరాన్ని గురించి ఇటీవల వస్తున్న కథలు చదువుతూవుంటే నాకొక సందేహం కలుగుతున్నది. నేను చదివినవాటిలో చాలావరకు కంపెనీ ఒక రాక్షసి. అది సముద్రం దాటివచ్చి జీడితోటల్నీ కొబ్బరితోటల్నీ మింగేస్తుంది. ప్రభుత్వం దానిముందు చేతులు కట్టుకు నిలబడిన నిమిత్తమాత్రుడు. రచయితల ఆవేదనను నేను శంకించను. కాని ఈ చిత్రణలో వాస్తవికత ఎంత?

సోంపేట బీలనే తీసుకుందాం. వాననీటిని పట్టివుంచి పొలాలకు తడినీ, జాలరికి చేపనూ, పశువుకు మేతనూ ఇచ్చే నేల అది. అందులో సుమారు 970 ఎకరాలను థర్మల్ విద్యుత్కేంద్రానికి ధారపోసినది ప్రభుత్వం. పుచ్చుకున్న నాగార్జున కన్‌స్ట్రక్షన్ కంపెనీ ఏ సముద్రమూ దాటి రాలేదు, హైదరాబాదునుంచి వచ్చింది. 2010 జూలై 14న అక్కడ పోలీసుకాల్పుల్లో ప్రాణాలు పోయాయి. ప్రజలు పట్టువదలని ఫలితంగా, పర్యావరణ అనుమతిని జాతీయ అప్పిలేటు అథారిటీ ఆనాడే రద్దుచేసింది. ఏడాది తిరక్కుండానే, 2011 ఫిబ్రవరి 28న, టెక్కలి చెంతనున్న కాకరాపల్లిలో మరో విద్యుత్కేంద్రం కోసం మళ్లీ తుపాకులు పేలాయి.

నిజంగా సముద్రం దాటివచ్చిన కంపెనీని చూడాలంటే మన జిల్లాకే దక్షిణాన, రణస్థలం మండలంలోని కొవ్వాడకు పోవాలి. అక్కడ ఆరు అణురియాక్టర్లు అమెరికన్ సంస్థ వెస్టింగ్‌హౌస్‌వి పెడతామని 2016లో ఉభయప్రభుత్వాలూ ప్రకటించాయి. యంత్రంలో లోపంవల్ల ప్రమాదం జరిగితే, చెల్లించిన పరిహారాన్ని యంత్రం అమ్మినవాడినుంచి రాబట్టుకొనే వీలు మన 2010 చట్టంలో వుండేది. అమెరికన్ కంపెనీలకు అది కంటగింపైంది. 2017 మార్చిలో వెస్టింగ్‌హౌస్ దివాలా పిటిషన్ పెట్టింది. అయినా కొవ్వాడలో భూసేకరణ ఆగలేదు. 2025 డిసెంబరులో పార్లమెంటు ఆ చట్టాన్నే రద్దుచేసింది. కొత్త చట్టంలో ఆ నిబంధన లేదు.

చట్టాన్నే మార్చగలవాడు నిమిత్తమాత్రుడెలా అవుతాడు? జాలరి వచ్చి అడిగితే చట్టం శిలాశాసనం. కంపెనీ వచ్చి అడిగితే అదే చట్టం మైనపుముద్ద. ఈ తేడాను పట్టుకోలేని కథ ఎంత కన్నీరు పెట్టించినా వర్గసంబంధాన్ని చూపించినట్టు కాదు.

కంపెనీ నిర్దోషి అని నేననడం లేదు. లాభం దాని స్వభావం. ఆ స్వభావాన్ని రచయిత చూపవలసిందే. ఐతే రాక్షసిని ఎవరూ సంజాయిషీ అడగరు. తరిమివేస్తారు, లేదా దానికి బలి అవుతారు. ప్రభుత్వాన్ని అడగవచ్చు. అది మన ఓటుతో ఏర్పడింది, మన పేరుతోనే సంతకం పెడుతున్నది. ఆ సంతకాన్ని కథ వెలుపల వదిలివేస్తే, పాఠకుడి చేతిలోని ఆ ఒక్క హక్కునూ మనమే లాగివేసినవాళ్లమవుతాం.

అందుచేత మన కథకులకు నా మనవి ఒకటే. బీలగట్టున మొదలైన కథను అక్కడే ముగించకండి. ఆ నేలను కంపెనీకి రాసిచ్చిన ఫైలుదాకా నడిపించండి. ఆ కాగితంమీద ఎవరు, ఎప్పుడు, ఏ మాటతో సంతకం చేశారో రాయండి.