అట్టముక్కలో కంత: కొరీటా కెంట్ చూపు

మైండ్‌ఫుల్‌నెస్ అనగానే ఇప్పుడు ఏదో ఒక యాప్ గుర్తొస్తుంది. పది నిమిషాలు కళ్ళు మూసుకుని ఊపిరి గమనించడం, మళ్ళీ లాప్‌టాప్ తెరవడం. మంచిదే. కానీ కళ్ళు తెరుచుకుని చేసే ధ్యానం నాకు కొరీటా కెంట్ దగ్గర కనిపించింది.

1918లో అమెరికాలోని అయోవా రాష్ట్రంలో పుట్టిన కొరీటా, 1936లో లాస్ ఏంజెలెస్‌లో కన్యాస్త్రీల మఠంలో చేరింది. అక్కడి ఇమ్మాక్యులేట్ హార్ట్ కాలేజీలో ఆర్ట్ చెప్పేది. మధ్యలో చదరపు కంత ఉన్న అట్టముక్కొకటి విద్యార్థుల చేతికిచ్చి వీధిలోకి తీసుకెళ్ళేది. కంతలోంచి ఎంత కనిపిస్తే అంతే చూడాలి: షాపు బోర్డు మీద సగం అక్షరం, ఒక టైరు అంచు. రోజూ చూసీ చూడనట్టు వదిలేసేవన్నీ అక్కడ ఆగి పలకరిస్తాయి.

ఆమె స్క్రీన్ ప్రింట్లలో పనిచేసేదీ ఈ చూపే. వండర్ బ్రెడ్ కవరు మీది రంగు చుక్కలతో 1962లో ఒక ప్రింట్ చేసింది. చూస్తుండగానే ఆ చుక్కలు చర్చిలో పంచే దివ్యసత్ప్రసాదపు అప్పాల్లా కనిపిస్తాయి. రొట్టె అంత పవిత్రమైతే, అది దొరకనివాళ్ళ సంగతేంటి? ఆ దారిలోనే పేదరికం, జాతివివక్ష, వియత్నాం యుద్ధం ఆమె బొమ్మల్లోకి వచ్చాయి. అవి సామాన్యులు కొనుక్కోగలిగేలా ఉండాలనే స్క్రీన్ ప్రింట్‌ని ఎంచుకుంది. టమాటా ప్రకటనలోని మాటని మేరీ మాతకి అన్వయించిన 1964 నాటి ప్రింట్ చర్చి పెద్దలకి మింగుడుపడలేదు. 1968లో ఆమె మఠం వదిలి బోస్టన్ వెళ్ళిపోయింది.

తర్వాతి పనులన్నీ నాకు ఒకేలా నచ్చవు. కొన్ని మరీ గ్రీటింగ్ కార్డుల్లా తియ్యగా ఉంటాయి. ప్రకటనల భాషని అరువు తెచ్చుకోవడంలో ఒక ప్రమాదముంది: ప్రకటనలు దాన్ని తిరిగి లాక్కోగలవు. 1985లో ఆమె గీసిన ‘లవ్’ తపాలా బిళ్ళ 70 కోట్లకి పైగా అమ్ముడైంది. దాని ఆవిష్కరణ ఐక్యరాజ్యసమితిలో జరగాలని ఆమె కోరుకుంటే, తపాలా శాఖ ‘ద లవ్ బోట్’ అనే టీవీ సీరియల్ సెట్‌లో జరిపింది. ఆమె వెళ్ళలేదు. ప్రేమంటే కష్టపడి చేయాల్సిన పని అని చెబుతూ మరో ప్రింట్ చేసింది. మరుసటి ఏడాదే చనిపోయింది.

ఆ రెండో ప్రింటే నాకు ముఖ్యం. మనసు కుదుటపడ్డాక ఎవరివైపు చూస్తాం అన్నది యాప్‌లు అడగవు. కొరీటా పాఠం మొదలయ్యేదే అక్కడ. దానికి కావలసిందల్లా ఒక పాత అట్టపెట్టె, కత్తెర.