ఆలస్యం, అమృతం, విషం

రాక్ బ్యాండ్లకి ఎవరూ రాసిపెట్టని జాతకం ఒకటుంది. ఇరవయ్యో ఏట మొదలుపెట్టాలి, రెండు మూడేళ్ళలో పేరు తెచ్చుకోవాలి, ముప్ఫై నిండేసరికి తిట్టుకుని విడిపోవాలి. బీటిల్స్ అంతే, స్మిత్స్ అంతే. ఇంగ్లండులోని షెఫీల్డ్ నుంచి వచ్చిన పల్ప్ జాతకం మాత్రం అడ్డం తిరిగింది. 1978లో పదిహేనేళ్ళ జార్విస్ కాకర్ స్కూల్లో ఉండగా మొదలుపెట్టిన ఈ బృందానికి, దేశమంతా పాడుకునే పాట ఒకటి దొరికేసరికి 1995 వచ్చింది. అప్పటికి అతనికి ముప్ఫై ఒకటి. ఆలస్యం అమృతం విషం అంటారు మనవాళ్ళు. పల్ప్ విషయంలో ఆలస్యం ఏమీ చెడగొట్టలేదు. చెడేదంతా అమృతం చేతికొచ్చాకే మొదలైంది.

తొలి అడుగు చూస్తే అసలు ఆలస్యమే లేదు. 1981లో కాకర్ ఒక కేసెట్ తీసుకెళ్ళి బీబీసీ రేడియోలో కొత్త బ్యాండ్లకి పెద్దదిక్కయిన జాన్ పీల్ చేతిలో పెట్టాడు. ఆ ఏడాదే పీల్ వాళ్ళని పిలిచి తన కార్యక్రమం కోసం పాటలు రికార్డు చేయించాడు. ఇంకేం, గెలిచేశాం అనుకుని ఉంటారు ఆ స్కూలు పిల్లలు. అదే కార్యక్రమానికి వాళ్ళకి రెండోసారి పిలుపొచ్చింది 1993లో! ఈ పన్నెండేళ్ళలో జరిగినదంతా చిన్న చిన్న ఓటముల జాబితా. 1983లో వచ్చిన ‘ఇట్’ని ఎవరూ పట్టించుకోలేదు. 1987లో ‘ఫ్రీక్స్’ గతీ అంతే. 1989లో రికార్డు చేసిన ‘సెపరేషన్స్’ మూలన పడి పడి 1992లో గాని బజారుకి రాలేదు. సభ్యులు వచ్చారు, పోయారు. మొదటినుంచీ చివరిదాకా ఉన్నది కాకర్ ఒక్కడే. 1985లో ఒకమ్మాయి దగ్గర గొప్పలకి పోయి, కిటికీ బయట విన్యాసం చెయ్యబోయి కిందపడ్డాడు. కొన్నాళ్ళు చక్రాల కుర్చీలో కూర్చునే కచేరీలు చేశాడు. 1988లో ఇంక దీనితో లాభం లేదనుకుని లండన్‌లో సెయింట్ మార్టిన్స్ కాలేజీకి సినిమా చదువుకోవడానికి వెళ్ళిపోయాడు.

ఈ కథని ‘పట్టు వదలని విక్రమార్కుడి’ కథగా చెప్పేవాళ్ళు చాలామంది ఉన్నారు. నాకు ఆ పద్ధతి నచ్చదు. ఆ తొలి రికార్డులు ఇప్పుడు విన్నా గొప్పగా ఏమీ లేవు. ‘ఇట్’ మరీ మెతక, ‘ఫ్రీక్స్’ మరీ చీకటి. లోకం వాటిని పట్టించుకోకపోవడం అన్యాయమేమీ కాదు. కాకపోతే ఆ ఏళ్ళు కాకర్‌కి ఒక చూపునిచ్చాయి. ఉక్కు పరిశ్రమ కుదేలైన ఊళ్ళో, నిరుద్యోగ భృతి మీద బతుకుతూ, పాత బట్టల దుకాణంలో కొన్న కోటు వేసుకుని తిరిగే మనిషికి చూడటం తప్ప వేరే పని ఉండదు. పేరొచ్చిన గాయకులు హోటల్ గదుల గురించి పాడుకుంటున్నప్పుడు అతను ఇరుగుపొరుగుల కర్టెన్లూ, గోడ కాగితాలూ, పడకగదుల్లో విసుగూ చూస్తూ కూర్చున్నాడు. 1994 నాటి ‘హిజ్ ఎన్ హర్స్’ నిండా అవే. అందులో ‘బేబీస్’ అనే పాటలో ఒక కుర్రాడు బట్టల బీరువాలో దాక్కుని స్నేహితురాలి అక్కని చూస్తుంటాడు. సిగ్గుపడాల్సిన విషయమే. పాటకి ఆ సిగ్గు తెలుసు. కాండిడా డోయల్ వాయించే పాతకాలపు చవక ఆర్గన్ మోత, రసెల్ సీనియర్ వయొలిన్ గీరుడు ఆ సిగ్గుని కప్పిపుచ్చకుండా ఇంకాస్త బయటపెడతాయి.

ఇక ‘కామన్ పీపుల్’. పాత సామాన్ల కొట్టులో కొన్న చిన్న కాసియో కీబోర్డు మీద దొరికిన వరస అది. మూడే మూడు కార్డులు. కాలేజీలో పరిచయమైన ఒక డబ్బున్న గ్రీకు అమ్మాయి తనకి మామూలు జనంలా బతకాలని ఉందంటుంది. కథ చెప్పేవాడు ఆమెని సూపర్‌మార్కెట్‌కి తీసుకెళ్తాడు, జేబులో డబ్బు లేనట్టు నటించమంటాడు. ఆమె నవ్వుతుంది. ఆ నవ్వు దగ్గర్నుంచి పాట మారిపోతుంది. పేదరికాన్ని విహారయాత్రలా చూడొచ్చని, విసుగొస్తే నాన్నకి ఫోన్ చేసి బయటపడొచ్చని అనుకునేవాళ్ళ మీద కోపంగా తిరుగుతుంది. ఈ పాట మీద ఒక అభ్యంతరం ఉంది: వర్గం మీద కోపాన్ని తెచ్చి ఒక ఆడపిల్ల మీద కుమ్మరించాడని, తనూ అదే కళాశాలలో చదువుకుంటూ మామూలు జనం తరఫున వకాల్తా పుచ్చుకున్నాడని. ఇందులో నిజం లేకపోలేదు. అయితే పాటని చెవులతో వినాలి. దాదాపు ఆరు నిమిషాల పాటు దాని వేగం మనకి తెలియకుండానే పెరుగుతూ పోతుంది. మొదట గుసగుసగా, వెటకారంగా మాట్లాడినవాడు చివరికొచ్చేసరికి ఊపిరాడక అరుస్తుంటాడు. ఆ అరుపు ఆ పిల్లని ఎప్పుడో దాటిపోయింది. పదిహేడేళ్ళుగా తప్పించుకోలేక ఉండిపోయినవాడి గొంతు అది.

ఆ పాట మే నెలలో విడుదలై రెండో స్థానం దాకా వెళ్ళింది. జూన్‌లో గ్లాస్టన్‌బరీ ఉత్సవంలో ప్రధాన కచేరీ చెయ్యాల్సిన స్టోన్ రోజెస్ గిటారిస్టుకి కంటె ఎముక విరిగితే ఆ చోటు పల్ప్‌కి దక్కింది. చివర్లో ఆ మైదానం మైదానమంతా ‘కామన్ పీపుల్’ అందుకుంది. ఆ వీడియో చూసిన ప్రతిసారీ నాకు ఒళ్ళు గగుర్పొడుస్తుంది, వెంటనే ఒక అనుమానమూ వస్తుంది. టిక్కెట్టు కొనుక్కుని, వారాంతం మైదానంలో గడిపి, సోమవారం ఇంటికెళ్ళిపోయే ఆ జనంలో గ్రీకు అమ్మాయి పక్షం వాళ్ళు ఎంతమంది? తమని తిట్టే పాటని తమ పాటగా పాడుకున్నవాళ్ళు ఎంతమంది? ఆ అక్టోబరులో వచ్చిన ‘డిఫరెంట్ క్లాస్’ మొదటి స్థానానికి చేరింది. మరుసటేడు మెర్క్యురీ బహుమతి వచ్చింది. ఆ డబ్బుని వాళ్ళు యుద్ధబాధితులైన పిల్లల సంస్థకి ఇచ్చేశారు. 1996 ఫిబ్రవరిలో బ్రిట్ అవార్డుల సభలో మైకేల్ జాక్సన్ దేవదూతలా పాడుతుంటే కాకర్ వేదికెక్కి వెక్కిరించాడు, పోలీసు స్టేషన్ దాకా వెళ్ళొచ్చాడు. ఎవరి మీదా ఏ కేసూ నిలబడలేదు గానీ, ఇంతకాలం చూసేవాడిగా ఉన్నవాడు ఆ రాత్రితో అందరూ చూసేవాడైపోయాడు.

1998లో వచ్చిన ‘దిస్ ఈజ్ హార్డ్‌కోర్’ ఆ విషం రుచి. అప్పటికే రసెల్ సీనియర్ వెళ్ళిపోయాడు. మొదటి పాట పేరే ‘ది ఫియర్’. పేరు పాట అశ్లీల చిత్రాల పరిభాషలో కీర్తి గురించి మాట్లాడుతుంది: ఎంతో కాలంగా కలలుగన్న దృశ్యంలోకి అడుగుపెట్టాక, ఇక చెయ్యడానికి ఏమీ మిగలని మనిషి. పండగ కావాలనుకున్న అభిమానులు నిరాశపడ్డారు. అమ్మకాలు బాగా తగ్గాయి. నన్నడిగితే పల్ప్ చేసినవాటిలో అన్నిటికంటే నిజాయితీగల పని ఇదే. ‘డిఫరెంట్ క్లాస్’లో కథకుడికి ఎప్పుడూ ఎదుటివాళ్ళ తప్పులే కనిపిస్తాయి. ఇక్కడ అదే కన్ను తన మీదికి తిప్పుకున్నాడు. చిన్నప్పుడే వదిలివెళ్ళిన తండ్రి నీడ కూడా ‘ఎ లిటిల్ సోల్’లో కనిపిస్తుంది.

2001లో వచ్చిన ‘వి లవ్ లైఫ్’కి స్కాట్ వాకర్ నిర్మాత. అందులో ఒక పాట అంతకుముందే రాసిపెట్టుకున్నది. వాకర్ పాత రికార్డు మీదే చురక ఉంది అందులో. ఆ పెద్దాయన్నే కూర్చోబెట్టి రికార్డు చెయ్యాల్సి వచ్చింది! ‘వికర్‌మ్యాన్’ అనే ఎనిమిది నిమిషాల పాటలో కాకర్ షెఫీల్డ్ వీధుల కింద పారే నది వెంట నడుచుకుంటూ పోతాడు. కోపం లేదు, వెటకారం లేదు. ఊరి కింద ఊరు, జ్ఞాపకం కింద జ్ఞాపకం. ఆ తర్వాత బృందం చప్పుడు లేకుండా ఆగిపోయింది.

2011లో ఒకసారి, 2023లో మరోసారి వేదికలెక్కారు. 2023 మార్చిలో బాసిస్టు స్టీవ్ మేకీ చనిపోయాడు. అతనికి అంకితమిస్తూ 2025 జూన్‌లో ‘మోర్’ తెచ్చారు. ఇరవై నాలుగేళ్ళ తర్వాత వచ్చిన ఆల్బమ్, నేరుగా మొదటి స్థానానికి వెళ్ళింది. దానిలో లోపాలున్నాయి. కొన్నిచోట్ల వయొలిన్ల మెత్తదనం ఎక్కువై పాత గరుకుదనం పోయింది. అయినా ‘టీనా’లో రైల్లో చూసిన అపరిచితురాలితో జీవితాన్ని ఊహించుకుంటూ కూర్చున్న మనిషిని చూస్తే, బీరువాలో కుర్రాడు అరవయ్యో పడికి దగ్గరపడి ఎలా ఉంటాడో తెలుస్తుంది. ఆ పాట నవ్విస్తుంది, తర్వాత కాసేపు మాట్లాడనివ్వదు.

ఇప్పటిదాకా పల్ప్‌ని విననివాళ్ళు ‘కామన్ పీపుల్’తోనే మొదలుపెట్టండి, తప్పులేదు. అక్కడ ఆగిపోకుండా ‘ది ఫియర్’, ‘వికర్‌మ్యాన్’, ‘టీనా’ వరసగా వినండి. మొదటి పాటలో వేలు చూపించినవాడు మిగిలిన మూడింటిలో ఏమయ్యాడో తెలిశాక, తిరిగి మొదటి పాట పెట్టుకోండి. అందులో ఆ అమ్మాయి నవ్వు ఈసారి కొంచెం వేరేగా వినిపిస్తుంది.